బుట్టలో పన్నెండు జతలు

2024 ఫిబ్రవరి. సౌదీ అరేబియా పడమటి ఒడ్డున, ఎర్ర సముద్రం పక్కన ఉమ్లజ్ అనే చిన్న ఊరు. అక్కడి జెట్టీ నుంచి రోజూ ఉదయం పర్యాటకుల పడవలు బయల్దేరతాయి. ఇసుక దీవులు, మడ చెట్లు, డాల్ఫిన్లు, తాబేళ్లు, నేలమీదే గూడు కట్టుకునే చేపల గద్దలు, ఇవన్నీ చూపించి సాయంత్రానికి ఒడ్డుకు చేరుస్తాం. అలాంటి ఒక పడవలో నేను స్పాటర్‌ని. స్పాటర్ అంటే అందరికంటే ముందు జీవాన్ని చూసి, మిగతావాళ్లకు చూపించేవాడు. లైసెన్సు ఉన్న గైడూ, పడవ నడిపే కెప్టెనూ ఒకరే. ఆయన్ని అందరూ అబూ సాలిమ్ అంటారు, ఆ ఊరివాడే. పడవలో పనిచేసేది మేమిద్దరమే.

నా పేరు అప్పన్న. శ్రీకాకుళం జిల్లాలో తరతరాలుగా సముద్రం మీద వేటకు వెళ్లే ఇంట్లో పుట్టాను. పన్నెండేళ్ల కిందట చేపల పడవలో పనికని సౌదీ వచ్చాను. పర్యాటకులకు వీసాలు ఇవ్వడం మొదలయ్యాక మా కఫీల్, అంటే నన్ను పనికి తెచ్చుకున్న యజమాని, వలల పడవ అమ్మేసి కుర్చీల పడవ కొన్నాడు. దాంతోపాటు నా పనీ మారింది. చేప కనబడగానే వలకోసం వెతుక్కునే చేతులకు, చూసి ఊరుకోవడం నేర్పడానికి ఏడాది పట్టింది.

ఈ పని చూసేవాళ్లకు షికారులా ఉంటుంది గానీ, దీనికీ ఒడుపులున్నాయి. తాబేలు ఊపిరి కోసం తల పైకెత్తితే నీళ్లమీద పిడికిలంత నల్లచుక్క కనిపిస్తుంది. రెండు మూడు సెకన్లే, మళ్లీ మునిగిపోతుంది. ఆ లోపు పన్నెండుమంది తలలు అటు తిప్పించాలి. డాల్ఫిన్ల వెనక పడకూడదు. వాటి దారికి అడ్డం రాకుండా పక్కన వెళ్లాలి, అదీ నో-వేక్ స్పీడులో, అంటే పడవ వెనక అల లేవనంత నెమ్మదిగా. దగ్గరికి పోనివ్వమని అడిగే కస్టమర్లను నవ్వుతూ ఆపడం కూడా నా జీతంలో భాగమే.

జీతంలో ఇంకో భాగం హెడ్ కౌంట్. దిగిన ప్రతిచోటా, మళ్లీ కదిలేముందు, మనుషుల్ని లెక్కపెట్టాలి. ఆ పని నేను చేసేవాణ్ణి కాదు. నిజం చెప్పాలంటే నాకు చేతకాలేదు. మా ఇంట్లో పడవెక్కిన మనుషుల్ని వేలు చూపించి లెక్కపెట్టరు. లెక్కపెడితే గంగమ్మ తల్లి కూడా లెక్క వింటుందనీ, తిరిగొచ్చేటప్పటికి అందులో ఒకటి తగ్గుతుందనీ మా నమ్మకం. చిన్నప్పుడు ఒకసారి సరదాకి లెక్కపెట్టబోతే మా నాన్న నా వేలు మడిచి పట్టుకుని, చెంప మీద ఒక్కటిచ్చాడు. పరాయి దేశం వచ్చి, యూనిఫామ్ వేసుకుని, మెడలో ఈల తగిలించుకున్నాక కూడా ఆ వేలు తెరుచుకోలేదు.

అందుకని ఒక అడ్డదారి కనిపెట్టాను. పడవెక్కేటప్పుడు అందరి చెప్పులూ ఒక పెద్ద ప్లాస్టిక్ బుట్టలో వేయిస్తాం, లోపల తివాచీ పాడవకుండా. దీవి దగ్గర ఎవరి చెప్పులు వాళ్లు తీసుకుని దిగుతారు. పగడపు ముక్కలు కాళ్లు కోసేస్తాయి కాబట్టి చెప్పుల్లేకుండా ఎవరూ దిగరు. తిరిగొచ్చాక మళ్లీ బుట్టలో వేస్తారు. బుట్టలో జతలు సరిపోతే మనుషులు సరిపోయినట్టే. చెప్పుల్ని లెక్కపెడితే గంగమ్మ తల్లికి కోపం రాదు కదా అని నా తెలివి. మూడేళ్లు ఆ తెలివితోనే బండి లాగించాను.

ఆ రోజు పన్నెండుమంది. తొమ్మిదిమంది రియాద్ నుంచి వచ్చిన ఏదో ఆఫీసు బృందం, వాళ్ల గోల వాళ్లది. మిగతా ముగ్గురూ తెలుగువాళ్లు. ధహ్రాన్‌లో ఆయిల్ కంపెనీ ఇంజినీరు శ్రీధర్ గారు, భార్య సునీత, ఫ్యామిలీ విజిట్ వీసా మీద వచ్చిన ఆయన తల్లి రాజ్యలక్ష్మి గారు. తెనాలి దగ్గరివాళ్లు. నేను తెలుగువాణ్ణని తెలియగానే ఆవిడ మొహం విప్పారింది. నా యాస విని ఒకసారి నవ్వి, మళ్లీ మళ్లీ మాట్లాడించింది.

శ్రీధర్ గారికి మాత్రం మా సముద్రం కంటికి ఆనలేదు. రెండేళ్ల కిందట అలాస్కా వెళ్లి పడవమీంచి గ్లేసియర్లు చూశారట. గ్లేసియర్ అంటే కొండల మీంచి సముద్రంలోకి మెల్లగా జారే మంచు నదట. నాకు ఫోన్లో వీడియో చూపించారు. నీలి మంచు ముక్క ఒకటి విరిగి నీళ్లలో పడింది. ఆ చప్పుడు వింటుంటే నిజంగానే ఒళ్లు జలదరించింది.

"చూశావా అప్పన్నా, డే ట్రిప్ అంటే అదీ. ఒకే రోజులో గ్లేసియరు, వేల్స్, సీల్స్, అన్నీ చూపించేశారు."

"మంచు కొండలు మా కాడ నేవు సార్. కూల్‌డ్రింకుల పెట్టిలో ఐసుంది, కావాలంటే సూపిత్తాను," అన్నాను.

రాజ్యలక్ష్మి గారు కొడుకు భుజం మీద తట్టి, "లేనిది ఎందుకురా, ఉన్నది చూడు," అంది.

పది గంటలకు మొదటి దీవి చేరాం. ఈ చివర నుంచి ఆ చివరకు పావుగంట నడక. మధ్యలో ఉప్పుపొదలు, అవతలి వైపు ఇసుకలో గద్ద గూడు. ఫిబ్రవరిలో పిల్లలుంటాయి. దించేముందు నేను ఎప్పుడూ చెప్పేదే చెప్పాను. "తెల్ల రాళ్ల వరస ఉంటది. దాన్ని దాటకండి. మడిసి దగ్గిరికెల్తే తల్లి లేసిపోద్ది, పిల్లలు ఎండకి మాడిపోతాయి." ఇంగ్లీషులో, హిందీలో కూడా చెప్పాను. అందరూ తలలూపి, చెప్పులు తీసుకుని, దిగారు. శ్రీధర్ గారూ సునీత గారూ ముందే దిగి ఫొటోల కోసం దూరంగా వెళ్లిపోయారు.

ముప్పావుగంట ఆగాల్సింది. అరగంట కాకముందే దక్షిణం వైపు నీళ్లమీద రెక్కలు లేచాయి. ఒకటి, మూడు, ఏడు. డాల్ఫిన్ల గుంపు, పిల్లల్ని వెంటేసుకుని పోతోంది. అలాంటి గుంపు నెలకొకసారి దొరికితే గొప్ప. వేటగాడి రక్తం కదా, నాలో ఏదో లేచింది. ఈల ఊది, చేతులూపి, రండి రండి అని అందర్నీ తోలుకొచ్చాను. చెప్పులు బుట్టలో టపటపా పడ్డాయి. చూశాను, పన్నెండు జతలు. కెప్టెనుకు బొటనవేలు చూపించాను. పడవ కదిలింది.

నేను ముందుకొచ్చి నిలబడ్డాను. స్పాటర్ కళ్లు ఎప్పుడూ ముందుకే ఉంటాయి. వెనక్కి ఒక్కసారి చూసి ఉంటే ఈ కథ ఉండేది కాదు.

డాల్ఫిన్లు పావుగంట మా పక్కనే ఆడాయి. శ్రీధర్ గారు పైడెక్కు మీద వీడియో తీస్తూ మంచు కొండల్ని కూడా మరిచిపోయారు. అక్కణ్ణించి సముద్రపు గడ్డి ఉండే చోటికి పోయి తాబేళ్లు చూశాం. మొత్తం మీద దీవి వదిలి ముప్పావుగంట అయ్యుంటుంది. కింద క్యాబిన్లో కళ్లు తిరిగి పడుకున్న సునీత గారు లేచొచ్చి, మెట్ల మీంచి పైకి చూసి అడిగింది.

"ఏవండీ, అత్తయ్య ఇంకా పైనే ఎండలో కూర్చున్నారా? కిందికి పంపండి."

"పైన లేదే. నీ దగ్గర పడుకుందనుకున్నాను," అన్నారు ఆయన.

పడవలో వెతకడానికి ఎంత చోటుంటుంది. పై డెక్కు, కింది క్యాబిను, బీరువా అంత టాయ్‌లెట్టు. ఒక నిమిషం పట్టింది. శ్రీధర్ గారు బుట్ట దగ్గరికి పరిగెత్తి, అందులోంచి కొత్త చెప్పులు ఒక జత తీసి నాకు చూపించారు. "అమ్మ చెప్పులు ఇక్కడే ఉన్నాయి అప్పన్నా. ఆవిడ దిగనే లేదేమో. నీళ్లలో గానీ..."

చెప్పులున్నాయి కాబట్టి మనిషి ఉందని నేననుకున్నాను. చెప్పులున్నాయి కాబట్టి దిగలేదని ఆయన అనుకుంటున్నారు. ఆవిడ దిగడం నా కళ్లతో చూశాను, చెయ్యి పట్టుకుని దించింది నేనే. కాళ్లకేసి మాత్రం చూడలేదు.

"దిగిందండి. నానే దించినాను. ఆవిణ్ణి దీవిమీదే ఒగ్గీసొచ్చీసినాం," అన్నాను.

ఆయన నా కాలరు పట్టుకున్నారు. కొడతారనుకున్నాను, కొట్టలేదు. "అలాస్కాలో ప్రతి స్టాపులో మూడుసార్లు లెక్కపెట్టారు. మేం వాళ్లని చూసి నవ్వుకున్నాం," అని వదిలేశారు. ఆ మాటకంటే దెబ్బే నయమనిపించింది.

కెప్టెను అప్పటికే పడవ తిప్పేశాడు. మధ్యాహ్నం అయ్యేసరికి వాయవ్యం గాలి లేచింది. ఎదురు అలలు, అరగంట పైనే పడుతుంది. ఆయన వీహెచ్ఎఫ్ రేడియో అందుకున్నాడు. కోస్ట్‌గార్డుతో మాట్లాడే రేడియో అది. జెట్టీలో పేర్ల జాబితా ఇచ్చి బయల్దేరతాం, మనిషి తప్పిపోతే వెంటనే చెప్పాలి. చెబితే విచారణ ఉంటుంది. సముద్రంలోకి వెళ్లడానికి నాకిచ్చిన క్రూ పర్మిట్ పోతుంది. పర్మిట్ పోతే కఫీల్‌కు నాతో పనేముంది, ఎగ్జిట్ కొట్టించి ఇంటికి పంపిస్తాడు. ఇవన్నీ ఒక్క క్షణంలో నా బుర్రలో తిరిగాయి. ఇది రాయడానికి ఇప్పటికీ సిగ్గుగా ఉంది. నేను కెప్టెను చెయ్యి పట్టుకుని అరబ్బీలో, "ముందు వెళ్లి చూద్దాం. దొరికితే ఎవరికీ చెప్పక్కర్లేదు కదా," అన్నాను.

అబూ సాలిమ్ నా చెయ్యి తీసేశాడు. "దొరక్కపోతే? వెతకడానికి మనకు నాలుగు కళ్లే ఉన్నాయి అప్పన్నా," అని రేడియోలో చెప్పేశాడు.

దారంతా శ్రీధర్ గారు ఆ చెప్పుల జత ఒళ్లో పెట్టుకుని కూర్చున్నారు. ఎవరూ అడక్కుండానే చెప్పుకొచ్చారు. నిరుడు సైటులో పైపు మీదపడి ఆయన కాలు విరిగిందట. మళ్లీ నడవడం కష్టమన్నారట. కొడుకు తన కాళ్లమీద నిలబడితే ఏడాదిపాటు చెప్పుల్లేకుండా తిరుగుతానని తల్లి మొక్కుకుంది. ఆయన నడిచారు, ఆవిడ చెప్పులు వదిలేసింది. "మేముండే కంపెనీ ఇళ్ల కాంపౌండులో నలుగురూ చూస్తారని నేనే ఇవి కొని, బలవంతంగా తొడిగించాను. నా ముందు తొడుక్కుంటుంది, నేను అటు తిరగ్గానే విప్పేస్తుంది. ఇందాక దిగేటప్పుడు కూడా బుట్టలోంచి తియ్యకుండా వదిలేసి ఉంటుంది." సునీత గారు ఆయన భుజం మీద చెయ్యేసి ఏడుస్తోంది.

దీవి కనిపించింది. మేము ఆగిన ఒడ్డున ఎవరూ లేరు. ఇసుక, దానిమీద కొట్టుకొస్తున్న నురగ, అంతే. పడవ ఆగకముందే నడుంలోతు నీళ్లలోకి దూకి, పొదల్లోంచి అవతలి వైపు పరిగెత్తాను. "అమ్మా, అమ్మా" అని అరుస్తూనే ఉన్నాను. గాలికి నా గొంతు నాకే వినబడలేదు.

తెల్ల రాళ్ల వరసకు ఇవతల, గాలికి వీపు తిప్పి, కొంగు తలమీదుగా కప్పుకుని ఆవిడ కూర్చుంది. నా అడుగుల చప్పుడుకు తిరిగి, నోటిమీద వేలు పెట్టింది.

"నెమ్మది. పిల్లలకు మేత పెడుతోంది."

అవతల గూట్లో తల్లి గద్ద చేపను చీల్చి మూడు పిల్లలకు పెడుతోంది. మూడేళ్లుగా ఆ గూడు చూపిస్తున్నాను గానీ, అంత దగ్గర నుంచి, అంత నింపాదిగా నేనెప్పుడూ చూడలేదు. జనం ఉంటే అది కిందికి దిగనే దిగదు. నేను ఇసుకలో కూలబడి వెక్కి వెక్కి ఏడ్చాను.

"ఏడవకు నాయనా. ఆ గద్ద మూడుసార్లు వెళ్లి మూడుసార్లూ తిరిగొచ్చింది. మీరు ఒక్కసారి వెళ్లి ఇంతసేపు చేశారేమిటి," అంది ఆవిడ.

జరిగింది ఇదీ. పడవలో టాయ్‌లెట్టు ఊగుతుంటే లోపలికి వెళ్లడానికి భయపడింది. నలుగురి ముందు కొడుకుతో చెప్పుకోవడానికి మొహమాటం. పొదల చాటుకు వెళ్లింది. ఈల వినబడి వచ్చేసరికి పడవ కదిలిపోయింది. కొంగు ఊపింది, ఎవరూ చూడలేదు. ఆ ఒడ్డున గాలికి ఇసుక కొడుతుంటే ఈ వైపు వచ్చి కూర్చుంది. గూటి పక్కన మిట్ట చాటున అసలు గాలే లేదు, అయినా రాళ్లు దాటొద్దన్నానని దాటలేదు. అరికాలికి పగడం గీసుకుని కొద్దిగా రక్తం వచ్చింది.

శ్రీధర్ గారు కుంటుకుంటూ వచ్చి, తల్లి ముందు మోకాళ్ల మీద కూర్చుని ఆ కాలు చేతుల్లోకి తీసుకున్నారు. "చెప్పులేసుకుని ఉంటే ఇలా అయ్యేదా అమ్మా," అన్నారు. ఆవిడ ఆయన తలమీద చెయ్యి వేసింది. తర్వాత నాకేసి తిరిగింది.

"నువ్వు చెప్పు అబ్బాయ్. కదిలేముందు లెక్కపెట్టవా?"

దాచలేకపోయాను. మా నాన్న, నా వేలు, గంగమ్మ తల్లి, చెప్పుల బుట్ట, అంతా చెప్పేశాను. పరాయివాళ్లకు ఆ సంగతి చెప్పడం అదే మొదలు. వెర్రి నమ్మకమని నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. మొక్కంటే ఏమిటో తెలిసిన మనిషి కదా.

"మీ పెద్దలు ఎందుకు వద్దన్నారు? మనుషులు తగ్గకూడదనే కదా. నువ్వు లెక్కపెట్టలేదు, నేను తగ్గాను. ఏ తల్లయినా ఇంకా ఏం చెబుతుంది నీకు?" అంది. "లే. పడవ దగ్గర అందర్నీ నిలబెట్టి లెక్కపెట్టు. పైకి, అందరికీ వినబడేట్టు. దిష్టి తగిలితే నాకే తగలనీ. నాతో మొదలుపెట్టు."

పడవ పక్కన ఇసుకలో అందరూ నిలబడ్డారు. రియాద్ బృందం కూడా దిగి వచ్చింది. మడిచిన వేలు తెరిచాను. ఆవిడను చూపించి "ఒకటి" అన్నాను. ఆకాశం కూలలేదు. రెండు, మూడు. పన్నెండు దాకా లెక్కపెట్టాను. "ఇప్పుడు పడవ పోనీ," అంది ఆవిడ.

కోస్ట్‌గార్డు పడవ మాకు ఎదురొచ్చి జెట్టీ దాకా వెంట వచ్చింది. అక్కడ ఆఫీసరు మర్యాదగానే కూర్చోబెట్టి అడిగాడు. "దీవి నుంచి కదిలినప్పుడు ఎంతమంది?" పన్నెండు జతల చెప్పులు అన్నాను. ఆయన పెన్ను కింద పెట్టి నన్ను కాసేపు చూశాడు. తర్వాత శ్రీధర్ గారిని, ఫిర్యాదు ఏమైనా ఉందా అని అడిగాడు. ఆయన తల్లికేసి చూశారు.

"ఉంది, రాసుకోమను," అంది రాజ్యలక్ష్మి గారు. "ఈ అబ్బాయి లెక్కపెట్టలేదు. అది తప్పు. అయితే తప్పు దాచకుండా వెంటనే రేడియోలో చెప్పాడు. అదీ రాసుకోమను."

శ్రీధర్ గారు ఇంగ్లీషులో చెబుతున్నారు. ఆఫీసరు రాస్తున్నాడు. నేను నోరు మూసుకుంటే సరిపోయేది, ఆ ఒక్క వాక్యం నన్ను కాపాడేది. అబూ సాలిమ్ కూడా ఏమీ అనలేదు, గోడకేసి చూస్తున్నాడు. కానీ ఆ ముసలమ్మ నా గురించి లేని మంచి చెబుతుంటే నేను ఓర్చుకోలేకపోయాను.

"రేడియోలో సెప్పింది నాను కాదమ్మా. కెప్టెను. నాను ఒద్దని ఆయన సెయ్యట్టుకున్నాను," అన్నాను. అదే మళ్లీ అరబ్బీలో ఆఫీసరుకు చెప్పాను.

ఆవిడ నన్ను చాలాసేపు చూసింది. కోపమో, జాలో నాకు తెలియలేదు. ఆఖరికి కొడుకుతో, "ఇప్పుడు చెప్పిందీ రాసుకోమను," అంది.

రెండు నెలలు నా పర్మిట్ ఆపేశారు. ఎగ్జిట్ తప్పదనుకుని బట్టలు సర్దుకున్నాను. కఫీల్ నన్ను పంపలేదు. "తనమీద తానే చెప్పుకున్నవాణ్ణి పంపించి, కొత్తవాణ్ణి ఎక్కణ్ణించి తెచ్చుకోను" అన్నాడని అబూ సాలిమ్ తర్వాత చెప్పాడు. ఆ రెండు నెలలూ ఒడ్డుమీద పడవల అడుగు గీకుతూ, రంగులు వేస్తూ గడిపాను. రాజ్యలక్ష్మి గారు ఇండియా వెళ్లేముందు ఒకసారి ఫోను చేసి, గద్ద పిల్లలు ఎగిరాయా అని అడిగింది. కెప్టెనును అడిగి, ఎగిరాయని చెప్పాను.

ఈ పనిలోకి కొత్తగా వచ్చే సౌదీ కుర్రాళ్లకు ఇప్పుడు నేనే నేర్పుతున్నాను. జీవాన్ని వెతికే పద్ధతి ఆఖరున చెబుతాను. బుట్టనూ, లైఫ్ జాకెట్లనూ, లంచ్ ప్యాకెట్లనూ నమ్మొద్దని ముందు చెబుతాను. మనిషి మొహం చూడాలి, పేరు పిలవాలి, జవాబు వినాలి. డాల్ఫిన్లు వెళ్లిపోతే రేపు వస్తాయి. టాయ్‌లెట్టు సంగతి ఆడవాళ్లు నోరు తెరిచి అడగరు కాబట్టి మనమే ముందు చెప్పాలని కూడా నేర్పుతాను. భయపడి చెయ్యని పనిని జాగ్రత్త అనుకుంటూ మూడేళ్లు గడిపినవాణ్ణి, అందుకే ఇంత గట్టిగా చెబుతాను.

పర్మిట్ తిరిగొచ్చిన మొదటి రోజు కూడా పన్నెండుమందే. దీవిలో నిలబెట్టి పైకి లెక్కపెట్టాను. పన్నెండు అయ్యాక కెప్టెనును చూపించి పదమూడు అన్నాను. వేలు దించబోతుంటే అబూ సాలిమ్ ఇంజిన్ మీద చెయ్యి వేయకుండా అలాగే కూర్చున్నాడు. ఎందుకు కదలడం లేదో నాకు కాసేపు అర్థం కాలేదు. తర్వాత వేలు నా గుండె మీద పెట్టుకుని "పద్నాలుగు" అన్నాను. పడవ కదిలింది.